కొంగ బొమ్మ కింద ఎవరి పేర్లు?

వార్షిక సంచిక అనగానే మనకు ముందు గుర్తొచ్చేవి ఫోటోల పేజీలు. యూనియన్ ప్రెసిడెంటు, సెక్రటరీ, ర్యాంకులు తెచ్చుకున్నవాళ్ళు, కప్పు పట్టుకుని నిలబడ్డ కెప్టెన్, ఈమధ్య కొత్తగా అందరికంటే పెద్ద ప్యాకేజీ సంపాదించిన మిత్రుడు. తప్పేం లేదు. కష్టపడ్డవాణ్ణి మెచ్చుకోవడం సంస్కారమే. అయితే మెచ్చుకోలు ఒక అలవాటుగా, ఆ అలవాటు ఒక గుడ్డితనంగా మారే ప్రమాదం ఉంది. పదిమంది చేసిన పనిని ఒక్కడి ఖాతాలో రాసెయ్యడం, ఆ ఒక్కణ్ణి ఒక అంకెగా మార్చెయ్యడం, చివరికి ఆ అంకె బరువు అతని నెత్తినే పెట్టడం చరిత్రలో జరిగాయి. అలాంటి ఒక చరిత్ర గురించే ఈ వ్యాసం. అది మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో ఫ్రాన్సు ఆకాశంలో జరిగింది. దాని కథానాయకులు అప్పుడు సరిగ్గా మన వయసు కుర్రాళ్ళు. అందుకే అది మన సంచికలో చోటు చేసుకోదగ్గ విషయమని నా అభిప్రాయం.

ఫ్రెంచివాళ్ళు తమ చిన్న విమాన దళాన్ని 'ఎస్కద్రీ' అంటారు. మనకు తెలిసిన మాటలో స్క్వాడ్రన్ అనుకోవచ్చు. అలాంటి దళాల్లో 3వ నంబరుది 1912లో పుట్టింది. రైటు సోదరులు మొదటిసారి ఎగిరి అప్పటికి తొమ్మిదేళ్ళు కూడా నిండలేదు. దళానికి ఇచ్చినవి బ్లేరియో విమానాలు. ఇంగ్లీషు ఛానల్‌ను 1909లో దాటిన బ్లేరియో కంపెనీవే. అప్పట్లో దళం పేరు ముందు దాని విమానం పేరులోని అక్షరాలు పెట్టేవారు. కాబట్టి మొదట అది 'బి.ఎల్. 3'. యుద్ధ విమానం అన్న ఊహ ఇంకా ఎవరికీ స్పష్టంగా లేదు. 1914లో యుద్ధం మొదలైనప్పుడు విమానం పని చూసి రావడం మాత్రమే. శత్రుసైన్యం ఎక్కడుంది, ఎటు కదులుతోంది, మన ఫిరంగిగుండు ఎక్కడ పడింది – ఇవి చూసి చెప్పాలి. అంటే అది సైన్యానికి కన్ను, అంతే. ఎదురుపడ్డ విమానం మీదికి కార్బైను తుపాకీతో కాల్చిన రోజులవి.

1915 మార్చిలో ఈ దళానికి మొరాన్ విమానాలు వచ్చాయి. పేరు 'ఎం.ఎస్. 3' అయింది. నాయకుడు కెప్టెన్ ఆంతొనాఁ బ్రోకార్. శత్రువు కన్ను పొడవాలి, మన కన్ను కాపాడుకోవాలి అన్న ఆలోచన సైన్యంలో బలపడుతున్న సమయం అది. వేటాడే దళం, అంటే ఫైటర్ స్క్వాడ్రన్ అనేది అలా పుట్టింది. గమనించండి, కూల్చడం దాని లక్ష్యం కాదు, సాధనం. కింద బురద కందకాల్లో ఉన్న సిపాయికి, ఫిరంగి దగ్గరున్నవాడికి పనికిరావడమే లక్ష్యం. ఈ సంగతి తర్వాత అందరూ మర్చిపోయారు.

1915 జూన్‌లో ఆ దళంలోకి ఒక కార్పొరల్ వచ్చాడు. పేరు జార్జ్ గీన్‌మెర్. ఇరవై ఏళ్ళవాడు. సన్నగా, పీలగా ఉండేవాడు. పారిస్‌లో స్తానిస్లాస్ కాలేజీలో చదివాడు. ప్రసిద్ధమైన పాలిటెక్నిక్ విద్యాలయంలో చేరాలని ప్రయత్నం, ఒంట్లో బాగుండక సాగలేదు. యుద్ధం రాగానే సైన్యంలో చేరతానని పోతే ఈ శరీరం పనికిరాదని రెండుసార్లు తిప్పి పంపారు. అతను మాత్రం పట్టు వదల్లేదు. పో అనే ఊళ్ళోని విమాన శిక్షణ కేంద్రంలో 1914 నవంబరులో మెకానిక్ విద్యార్థిగా చేరాడు. ఇంజన్లు తుడవడం, పనిముట్లు అందించడం దగ్గర మొదలుపెట్టి, ఆ తర్వాతే పైలట్ అయ్యాడు. యుద్ధం సాగిన కొద్దీ ఫ్రాన్సంతటా ఇంటింటా వినిపించిన పేరు అదే.

1915 జూలై 19న అతనికి మొదటి విజయం దక్కింది. ఆ విమానంలో ఉన్నది ఇద్దరు. ముందు కూర్చుని నడిపింది గీన్‌మెర్. వెనక కూర్చుని మిషన్‌గన్ పేల్చింది గెర్దేర్ అనే మెకానిక్. ఇద్దరికీ సైనిక పతకం ఇచ్చారు. ఆ రోజుకి లెక్క న్యాయంగానే ఉంది. కానీ కొన్నాళ్ళకు ఒంటరి పైలట్ నడిపే విమానాలు వచ్చాయి. న్యూపోర్ విమానాలతో దళం పేరు 'ఎన్. 3' అయింది. వెనక సీటు పోయింది. వెనక సీటుతో పాటు గెర్దేర్ లాంటివాళ్ళ పేరు కూడా పోయింది. మరి మెకానిక్ అవసరం తగ్గిందా? తగ్గలేదు సరికదా, పెరిగింది. అతను నేల మీద ఉండిపోయాడు, కాబట్టి ఎవరి కంటికీ ఆనలేదు. అంతే తేడా.

ఆ కాలపు న్యూపోర్ ఇంజన్ సంగతి చెబితే మనవాళ్ళకు నవ్వొస్తుంది. దానికి కందెనగా వాడింది ఆముదం. అవును, మన ఊళ్ళలో తలకు రాసుకునే ఆముదమే. ఆ రోటరీ ఇంజన్లో సిలిండర్లు ప్రొపెల్లర్‌తో పాటు గిర్రున తిరుగుతాయి. పెట్రోలులో కరిగిపోని నూనె కావాలి గనుక ఆముదం తప్పనిసరి. వాడిన నూనె మళ్ళీ వాడకానికి రాదు, పొగతో పాటు బయటికి చిమ్మి పైలట్ మొహం మీదే పడేది. ఇంజన్ కొన్ని గంటలు తిరిగిందో లేదో విప్పి, శుభ్రం చేసి, మళ్ళీ బిగించాలి. తుపాకీ మధ్యలో ఇరుక్కుందంటే పైలట్ ప్రాణం పోయినట్టే. అందుకని ముందే తూటాలు చూసి పెట్టాలి. ఇదంతా చలిలో, దీపం వెలుతురులో, డేరాల కింద చేసినవాళ్ళున్నారు. వాళ్ళ చేతివేళ్ళ మీద ఆధారపడి ఎగిరింది ఆ దళం.

ఇక లెక్కల సంగతి. ఫ్రెంచి పత్రికలు 1915లో ఒక మాట పట్టుకున్నాయి – 'ఆస్'. అచ్చంగా మన పేకాటలో ఆసే! అయిదు విమానాలు కూల్చినవాడు ఆసు. అధికారిక ప్రకటనలో పేరు వస్తుంది. జనానికి కిందనున్న యుద్ధం చూస్తే ఆశ చచ్చిపోయేది. లక్షలమంది కందకాల్లో పేరులేకుండా చస్తున్నారు. పైన మాత్రం ఒక్కొక్కడికీ పేరుంది, బొమ్మ ఉంది, అంకె ఉంది. ప్రభుత్వానికి అదే కావాలి. క్రికెట్ స్కోరు చూసినట్టు జనం ఆసుల స్కోర్లు చూశారు. బ్రిటిష్ ప్రభుత్వం అధికారికంగా ఈ పద్ధతి ఒప్పుకోలేదు, కానీ వాళ్ళ పత్రికలూ ఊరుకోలేదు.

ఇక్కడొక మాట నిక్కచ్చిగా చెప్పాలి. ఆ స్కోరులో ప్రతి ఒకటీ ఒక విమానం. అందులో ఒకడో ఇద్దరో మనుషులు ఉంటారు. వాళ్ళకూ ఇరవై, ఇరవైరెండేళ్ళే. వాళ్ళ ఇళ్ళకూ టెలిగ్రాములు పోయాయి. స్కోరు రాసేవాడికి ఆ సంగతి కనపడదు. అంకె చేసే మొదటి అన్యాయం ఇదే.

రెండో అన్యాయం దళానికే జరిగింది. 1916 ఫిబ్రవరి 21న వెర్దున్ యుద్ధం మొదలైంది. జర్మన్ విమానాలు ఆకాశాన్ని ఆక్రమించి ఫ్రెంచి ఫిరంగులకు చూపు లేకుండా చేశాయి. సేనాని పెతాఁ ఆ కళ్ళు తిరిగి తెప్పించే పనిని ద రోజ్ అనే అధికారికి అప్పగించాడు. ఆయన వేర్వేరు చోట్ల ఉన్న వేట దళాలను ఒక చోటికి చేర్చి, వంతుల ప్రకారం ఆకాశాన్ని కాపలా కాయించాడు. ఎన్. 3 కూడా అక్కడికి వెళ్ళింది. మార్చి 13న గీన్‌మెర్ గాయపడి ఆస్పత్రి పాలయ్యాడు. వెర్దున్ ఆకాశం మాత్రం ఫ్రెంచివాళ్ళకు దక్కింది. ఎవరివల్ల? ఒక ఆసు వల్ల కాదు. గుంపుగా, వంతులుగా ఎగిరే పద్ధతి వల్ల.

అదే పద్ధతి సోమ్ యుద్ధంలో ఇంకా ముదిరింది. కాషీ అనే ఊరి దగ్గర బ్రోకార్ నాయకత్వంలో కొన్ని దళాలు కలిసి పనిచేశాయి. 1916 నవంబరులో 3, 26, 73, 103 నంబర్ల దళాలతో పోరాట బృందం 12 ఏర్పడింది. గుర్తుగా కొంగను పెట్టుకున్నారు. ఆ కొంగ ఎందుకంటారా? అల్సాస్ ప్రాంతంలో ఇళ్ళ కప్పుల మీద గూళ్ళు కట్టుకునే పక్షి అది. 1871లో జర్మన్లకు పోయిన అల్సాస్ మళ్ళీ మాదవుతుందని చెప్పడం దాని భావం. నాలుగు దళాలకూ కొంగే, కాకపోతే రెక్కల తీరు ఒక్కొక్కదానికి ఒక్కో రకం. మంచి గుర్తు. అందరిదీ ఒకే పక్షి. కానీ లోకం ఏమంది? 3వ దళం కొంగను 'గీన్‌మెర్ కొంగ' అంది.

లెక్క చూద్దాం. గీన్‌మెర్ విజయాలు 53. యుద్ధం ముగిసేసరికి 3వ దళం ఖాతాలో 170కి పైగా ఉన్నాయి. అంటే మూడింట రెండు వంతులకు పైగా తక్కినవాళ్ళవి. రెనే దోర్మ్ ఒక్కడివే 23. నెమ్మదైన మనిషి, తోటివాళ్ళు 'పేర్ దోర్మ్' – అంటే 'నాన్న దోర్మ్' – అని పిలిచేవారు. ఆల్ఫ్రెద్ ఎర్తో 21. అల్బేర్ దులాఁ 20. ఈ పేర్లు మనలో ఎంతమంది విన్నారు? మనదాకా ఎందుకు, ఫ్రాన్సులోనే ఎంతమందికి తెలుసు?

1917 మే 25 అనే ఒక్క తేదీ చూస్తే చాలు, నేను చెప్పేది అర్థమవుతుంది. ఆ రోజు గీన్‌మెర్ ఒక్కరోజులో నాలుగు విమానాలు కూల్చాడు.  అదే రోజు అదే దళం నుంచి ఎగిరిన దోర్మ్ తిరిగి రాలేదు. ఒకే నేల, ఒకే కొంగ, ఒకే రోజు. ఒకవైపు నాలుగు, ఇంకోవైపు ఒక ఖాళీ కుర్చీ. చరిత్ర పుస్తకాల్లో ఆ తేదీకి ఎదురుగా ఎక్కువగా కనిపించేది ఆ నాలుగే.

మూడో అన్యాయం ఆ ఆసుకే జరిగింది. నా దృష్టిలో ఇదే అన్నిటికంటే ముఖ్యం. గీన్‌మెర్ బుర్ర ఉన్న మనిషి. స్పాడ్ విమానాల డిజైనర్ బెష్రోకు ఉత్తరాలు రాశాడు. 150 హార్స్‌పవర్ ఇంజన్ చాలదు, శత్రువు మించిపోతున్నాడని చెప్పాడు. ఆ ఇంజన్ తయారుచేసినవాడు మార్క్ బిర్కిగ్ట్, స్విట్జర్లాండు మనిషి, స్పెయిన్‌లో హిస్పానో-సూయిజా కంపెనీ పెట్టినవారిలో ఒకడు. ప్రొపెల్లర్ ఇరుసు మధ్య నుంచి పేలే 37 మిల్లీమీటర్ల ఫిరంగి పెట్టిన విమానం గీన్‌మెర్ ఆలోచనతో తయారైంది. ఆ కుర్రాణ్ణి ఫ్యాక్టరీలో, శిక్షణ కేంద్రంలో ఉంచి ఉంటే ఎంతమంది పైలట్లకు మేలయ్యేదో ఊహించండి. 1917 వేసవికి అతను బాగా అలిసిపోయాడు. ఒంట్లో బాగాలేదు. ఇక చాలు, విశ్రాంతి తీసుకో అన్నవాళ్ళున్నారు. పతకాలన్నీ వచ్చాక తప్పుకున్నాడంటారేమోనని అతను ఒప్పుకోలేదని జీవితచరిత్రకారులు రాశారు. చూశారా! 53 అనే అంకె అతని వెనక నిలబడి ముందుకు తోస్తోంది. 54 ఎప్పుడని దేశం అడుగుతోంది.

1917 సెప్టెంబరు 11 ఉదయం అతను డంకర్క్ పక్కనుంచి ఇంకొక పైలట్‌తో కలిసి బయల్దేరాడు. బెల్జియంలో పూల్‌కపెల్లె దగ్గర ఒక జర్మన్ విమానం మీదికి దిగాడు. ఈలోగా వేరే శత్రు విమానాలు కనిపించి తోటి పైలట్ పక్కకు వెళ్ళాడు. తిరిగొచ్చి చూస్తే గీన్‌మెర్ లేడు. అప్పటికి 22 ఏళ్ళు. కూల్చింది కుర్ట్ విస్సెమాన్ అని జర్మన్లు ప్రకటించారు. ఆ విస్సెమాన్ కూడా అదే నెల 28న పోయాడు. ఫిరంగుల వర్షంలో ఆ నేలంతా దున్నినట్టయింది. గీన్‌మెర్‌కు సమాధి కూడా మిగల్లేదు. బడిపిల్లలకు ఏం చెప్పారో తెలుసా? అతను మరీ ఎత్తుకు ఎగిరిపోయాడు, అందుకే దిగి రాలేకపోయాడని! వినడానికి ఎంతో అందంగా ఉంది. కానీ చనిపోయిన కుర్రాణ్ణి చనిపోయాడని కూడా చెప్పనివ్వని అందం అది. 1922లో పారిస్‌లోని పాంథియన్‌లో అతని పేరుతో శిలాఫలకం పెట్టారు.

ఇంతకీ వీరులు వద్దంటావా, ఆదర్శం లేకపోతే యువతరం ఏమవుతుంది అని కొందరు మాస్టార్లు అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. వీరుడు వద్దని నేననడం లేదు. వీరుడి కథ పూర్తిగా చెప్పమంటున్నాను. పనికిరాడని తిప్పి పంపితే మెకానిక్‌గా చేరి, చేతులకు గ్రీజు పూసుకుని పని నేర్చుకున్న గీన్‌మెర్ ఉన్నాడే, అతను మనకు ఆదర్శం. మొదటి విజయంలో పతకాన్ని వెనక సీటు వాడితో పంచుకున్న గీన్‌మెర్ ఆదర్శం. ఆకాశంలో మాయమైన దేవుడు మనకెందుకు? దేవుణ్ణి చూసి దణ్ణం పెడతాం, నేర్చుకోం. అదీగాక, పోటీ లేకపోతే పని జరగదని మరికొందరంటారు. ఆ దళం చరిత్రే దానికి జవాబు. వెర్దున్ ఆకాశాన్ని తిరిగి తెచ్చింది పోటీ కాదు, వంతులు.

బతికి బట్టకట్టినవాళ్ళ సంగతి కూడా చెప్పుకోవాలి. 103వ దళంలోని రెనే ఫోంక్ 75 విజయాలతో గీన్‌మెర్‌ను దాటేశాడు, 1953 దాకా బతికాడు. అయినా జనం గీన్‌మెర్‌నే ప్రేమించారు. అంటే స్కోరు కూడా అసలు కొలత కాదన్నమాట! 3వ దళానికి నాయకత్వం వహించిన ఎర్తో రెండో ప్రపంచ యుద్ధంలో నాజీలకు వ్యతిరేకంగా రహస్య ప్రతిఘటనలో పనిచేశాడు, పట్టుబడ్డాడు, బూఖెన్‌వాల్ట్ నిర్బంధ శిబిరంలో మగ్గాడు. బయటపడి 1985 దాకా జీవించాడు. ఆ శిబిరంలో నిలబడ్డ ధైర్యాన్ని 21 అనే అంకెలో ఎక్కడ చేర్చాలి? అన్నట్టు, యుద్ధం తర్వాత హిస్పానో-సూయిజా కంపెనీ తన కార్ల ముక్కు మీద ఈ కొంగ బొమ్మనే పెట్టుకుంది. ఇంజన్ చేసినవాళ్ళకు దక్కిన గుర్తింపు ఒక విధంగా అదొక్కటే.

ఆ కొంగ ఇప్పటికీ ఎగురుతోంది. ఫ్రెంచి వాయుసేనలో 'సిగోన్', అంటే కొంగల పేరున్న స్క్వాడ్రన్‌కు 1984లో అందరికంటే ముందు మిరాజ్ 2000 విమానాలు ఇచ్చారు. ఆ మరుసటి ఏడు, 1985లో, అదే రకం విమానం మన దేశానికీ వచ్చింది. 'వజ్ర' అని పేరు పెట్టి గ్వాలియర్‌లో ఉంచారు. 1999లో కార్గిల్ యుద్ధం వచ్చినప్పుడు ఆ మిరాజ్‌లే టైగర్ హిల్ మీద గురి తప్పకుండా బాంబులు వేశాయి. దానికోసం కొద్ది వారాల్లో బాంబుల్నీ పరికరాల్నీ విమానానికి అమర్చి సిద్ధం చేసిన ఇంజనీర్లు, టెక్నీషియన్లు ఉన్నారు. వాళ్ళలో ఒక్కరి పేరైనా మనకు తెలుసా? 1915లో గెర్దేర్ వెనక సీటు పోయినప్పటినుంచి మనం ఎంత దూరం వచ్చినట్టు?

చరిత్రలో బరువులు మోసినవాళ్ళ ఊసేదని శ్రీశ్రీ ఏనాడో నిలదీశాడు. ఆ కవిత్వం మనం ఫేర్‌వెల్ పార్టీల్లో గొంతెత్తి చదువుతాం. చదివి, మర్నాడు నోటీసు బోర్డు దగ్గరికి పోయి మొదటి పేరు మాత్రం చూసి వచ్చేస్తాం. ర్యాంకు వచ్చిన మిత్రుడి వెనక నోట్సు ఇచ్చినవాడున్నాడు, జ్వరమొస్తే టిఫిన్ తెచ్చిపెట్టిన రూమ్మేటు ఉన్నాడు, ప్రాక్టికల్స్‌కి గంట ముందొచ్చి బ్యూరెట్లు కడిగిపెట్టిన ల్యాబ్ అటెండరున్నాడు. ర్యాంకు వచ్చినవాడి సంగతీ ఆలోచించండి. రేపు ఆ ర్యాంకు నిలబెట్టుకోలేకపోతే ఏమంటారోనని రాత్రుళ్ళు నిద్రపోనివాడు అతనే. అతణ్ణి కాస్త విశ్రాంతి తీసుకో అనాల్సింది మనమే. అంకె అనదు.

కాబట్టి యూనియన్ మిత్రులకు నా సూచన చిన్నదే. వచ్చే ఏడాది సంచికలో ఫోటోల పేజీలు తగ్గించనక్కర్లేదు. ఒక్క పేజీ పెంచండి. ల్యాబ్ అటెండర్లు, లైబ్రరీలో పుస్తకాలు సర్దేవాళ్ళు, హాస్టల్ మెస్సులో వంట చేసేవాళ్ళు, గ్రౌండులో పిచ్ తడిపేవాళ్ళు, ఈ సంచికను కంపోజ్ చేసి అచ్చు వేసినవాళ్ళు – వీళ్ళందరి పేర్లూ ఇంటిపేర్లతో సహా వేయండి. ఏ వరసలో వేయాలన్న తగాదా వస్తే అక్షర క్రమంలో వేయండి.